కోసిన గడప

“గడప ముందర కంప ఉండెనా, లేదా? అదొక్కటి చెప్పు అల్లాబక్షన్నా,” అంది మహతి.

కోర్టు వరండాలో బల్లమీద కూర్చున్న అల్లాబక్ష్ తన సంచిని ఒళ్ళోకి లాక్కున్నాడు. కోర్టు సమన్లు ఇంటింటికీ పట్టుకుపోయి ఇచ్చేది అతనే.

“కంప ఏంది మేడం? నేను పొయ్యింది ఇంటికి. చేనికి కాదు.”

“అదే అడుగుతాండా. ఉండెనా?”

“లేదు. కంపా లేదు, ముల్లూ లేదు.”

దీప్తి స్తంభానికి ఆనుకుని నిలబడి వింటోంది. మాటలు చెవిలో పడుతున్నాయి గాని లోపలికి ఏమీ పోవడం లేదు. నాయన పోయినప్పటి నుంచి ఆమెకు అంతే. చాలాసేపు మడిచి కూర్చున్న కాలు తిమ్మిరెక్కితే గిల్లినా తెలియదు. ఆమె మనిషంతా అలాగే ఉంది. ఏడవాలని తెలుసు, భయపడాలని తెలుసు. రెండూ రావడం లేదు.

భయపడాల్సిన రోజే అది. సాయంత్రం కోర్టు లేచేలోపు స్టే రాకపోతే జమ్మలమడుగులో వాళ్ళ ఇంటికి తాళం పడుతుంది. ఆ ఇంటిని అన్న ఆదినారాయణ బతికుండగానే తనకు అమ్మాడనీ, వదిన అలివేలమ్మ ఖాళీ చేయడం లేదనీ దీప్తి చిన్నాయన నరేష్ దావా వేశాడు. అలివేలమ్మకు సమన్లు వెళ్ళాయట. ఆమె తీసుకోనందట. తలుపుకు అంటించి వచ్చారట. వాయిదా నాడు పిలిస్తే ఆమె పలకలేదు కాబట్టి, నరేష్ చెప్పిందే నిజమని ఎక్స్‌పార్టీ డిక్రీ ఇచ్చేశారు. ఇంత జరిగిందని తల్లీకూతుళ్ళకు తెలిసింది, మొన్న డిక్రీ అమలు చేసే కోర్టు ఉద్యోగి, అమీనా, తాళంకప్ప పట్టుకుని వాకిట్లో నిలబడ్డప్పుడే.

వాళ్ళ లాయరమ్మ పరుగున వచ్చి డిక్రీ రద్దు చేయమని ఒక పిటిషనూ, అది తేలేదాకా అమలు ఆపమని ఇంకొకటీ వేసింది. జడ్జిగారు పొద్దున విన్నారు. “సమన్లు అందలేదని అందరూ అంటారమ్మా. అందలేదని నమ్మడానికి ఏదైనా చూపించండి. భోజనాల తర్వాత పిలుస్తా,” అని కాగితాలు పక్కన పెట్టారు.

ఆ ‘ఏదైనా’ వెతకడానికే మహతి వచ్చింది. ప్రొద్దుటూరులో డిటెక్టివ్ ఆఫీసు నడుపుతుంది. పులివెందులలో ఉన్న దీప్తి మేనమామ మాట్లాడి పంపించాడు. సన్నగా, పొడుగ్గా, ఎప్పుడూ సగం నిద్రలో ఉన్నట్టు కనిపిస్తుంది. సంచిలో వేయించిన చెనిక్కాయలు ఉంటాయి. ఎవరిని ప్రశ్నలడిగినా ముందు వాళ్ళ చేతిలో ఒక గుప్పెడు పోస్తుంది. అల్లాబక్ష్ చేతిలోనూ పోసింది. అతను తినలేదు, పారేయలేదు.

“ఇల్లు ఇదేనని ఎవరు చూపించినారు?”

“వాదే చూపించినాడు. మామూలే గదా. నేను ఈ ఊరికి కొత్త. దావా వేసినోడే బండి మీద ఎక్కించుకోని పొయ్యి ఇల్లు చూపిస్తాడు. ఎవరి కేసయినా అంతే.”

“సమన్లు వద్దన్న ఆయమ్మ ఎట్లుండె?”

“తలమీదికి కొంగు కప్పుకోని ఉండె. మొహం సరిగ్గా చూళ్ళా. ‘నాకొద్దు పో’ అనె. అట్లయితే తలుపుకు అంటించి పోతా అంటి. అంటించినా, ఫోటో తీసినా, పంపినా. నా పని అయిపాయె.”

“తలుపు దగ్గర ఇంకేముండె?”

“ఏముంటాయి మేడం! వాకిట్లో ముగ్గు. గడపకు పసుపు.”

“పసుపు,” అంది మహతి, ఒక చెనిక్కాయ వలుచుకుంటూ.

అప్పుడు మాత్రం దీప్తి తలెత్తింది. ఆ నెలల్లో వాళ్ళ గడపకు పసుపు రాసేవాళ్ళెవరూ లేరు. ఆదినారాయణ ధనిష్ఠా నక్షత్రంలో పోయాడు. ధనిష్ఠలో ప్రాణం పోయిన ఇంటిని ఆరు నెలలు పాడుపెట్టాలి. పొయ్యి రాజేయకూడదు, దీపం పెట్టకూడదు. గడపకు అడ్డంగా తుమ్మకంప వేసి, వెనక్కి చూడకుండా వెళ్ళిపోవాలి. తల్లీకూతుళ్ళు అలాగే కంప వేసి పులివెందులలో మేనమామ ఇంటికి వెళ్ళిపోయారు. సమన్లు అంటించామంటున్న తేదీ సరిగ్గా ఆ ఆరు నెలల మధ్యలో పడింది.

“ఆ ఫోటో ఏదన్నా?”

“ఫైల్లో ఉండేది నల్లగా వచ్చింది, ఏమీ కనపడదు. నా పాత ఫోను నీళ్ళల్లో పడింది. ఆ పొద్దు వాది అడిగితే ఆయనకూ ఒకటి పంపినా. రంగుది వాళ్ళ దగ్గర ఉంటాది.” అల్లాబక్ష్ లేచి సంచి భుజానికి తగిలించుకున్నాడు. రెండడుగులు వేసి ఆగాడు. “మేడం, నాకు పెండ్లీడు కూతురుంది. నేను ఎవురి దుడ్లూ తినలేదు. ఇల్లు ఇదే అన్నారు, అంటించినా.”

“నువ్వు తిన్నావని నేను అన్నానా అన్నా? ఆ చెనిక్కాయలన్నా తిను.”

*

రెండిళ్ళకూ మధ్య ఒకటే గోడ. దీప్తి తాత ఇద్దరు కొడుకులకూ ఒకేసారి కట్టించాడు. ఒకే వేపదుంగ కోయించి రెండు తలుపులూ, రెండు గడపలూ చేయించాడు. అవే ఇనుప బిళ్ళలు, అదే గొళ్ళెం. వీధికి కొత్తగా వచ్చిన పాలవాడు ఒకరి పాలు ఇంకొకరికి పోసిపోయేవాడు.

కుడివైపు ఇంటి గడప మీద అలివేలమ్మ కూర్చుని ఉంది. పొద్దున అమీనా మళ్ళీ వచ్చినప్పుడు కూర్చుంది, ఇంతవరకు లేవలేదు. గడప మీద కూర్చోవద్దని దీప్తిని చిన్నప్పుడు ఎన్నిసార్లు కొట్టిందో ఆమె. ఇప్పుడు తలుపుకీ తాళానికీ మధ్య తానే అడ్డంగా ఉంది. ఎండ ముంగాళ్ళ దాకా వచ్చింది. కాళ్ళు తీసుకోలేదు.

అమీనా వేపచెట్టు నీడలో తాళంకప్ప తొడమీద పెట్టుకుని కునుకుతున్నాడు. ఎడమవైపు ఇంటి అరుగు మీద నరేష్, అతని పక్కన నల్లకళ్ళద్దాలు నెత్తిమీదకు తోసుకున్న ఒక లావాటి మనిషి.

ఆ మనిషిని చూడగానే మహతి స్కూటర్ దిగకుండానే నవ్వింది. “వీడు శరత్. నాకు పని నేర్పినోడు,” అని దీప్తికి మెల్లిగా చెప్పింది. “మంచి ఎటుంటే వీడు దానికి ఎదురు వైపు ఉంటాడు. ఎప్పుడూ తప్పడు.”

“రా రా, శిష్యురాలా!” అన్నాడు శరత్. “తాళం వేసేటప్పుడు చప్పట్లు కొట్టేకి వచ్చినావా?”

“నీకు గురుదక్షిణ బాకీ ఉండాను గదా. ఇచ్చి పోదామని.”

“ఎండన పడి వచ్చినారు. మజ్జిగ తాగండి,” అన్నాడు నరేష్. దీప్తి వైపు చూసి, “పాపా, ఎంత చిక్కిపోయినావే. ఇంట్లోకి రా, చిన్నమ్మ అన్నం పెడ్తాది. కోర్టులు కోర్టులే, మనం మనమే గదా,” అన్నాడు. అతని గొంతు ఎప్పుడూ అంత మెత్తగానే ఉంటుంది. దీప్తి తల అడ్డంగా ఊపింది. ఆమెకు అతని మీద కోపం కూడా రావడం లేదు. ఎక్కడో దూరంగా రేడియోలో ఎవరో మాట్లాడుతున్నట్టుంది.

“సమన్లు అంటించినప్పుడు ఆ ఇంట్లో మనుషులు లేరు శరత్,” అంది మహతి. “పాడుపెట్టిన ఇల్లు. కంప వేసి పోయినారు.”

“అట్లనా?” శరత్ జేబులోంచి ఫోన్ తీశాడు. పేకాటలో ఆఖరి ముక్క దించేవాడిలా నిదానంగా తెరిచి ఆమె ముఖం ముందు పట్టుకున్నాడు. “కండ్లు పెద్దవి చేసి చూడు. తలుపు, తలుపుకు సమన్లు. పసుపు గడప, ముగ్గు వాకిలి. మనుషులు లేకుంటే ముగ్గు ఎవురేసినారు, దయ్యాలేసినాయా? ఫోటో కిందనే తేదీ ఉంది, ఊరుంది, వీధుంది. ఉపగ్రహం అబద్ధం చెప్తుందా?”

“గోడకు ఈ పక్కో ఆ పక్కో కూడా చెప్తుందా నీ ఉపగ్రహం?”

“ఆ! పక్కింటి తలుపంటావా? అంటావని తెలుసు. రెండు తలుపులూ ఒకటే. ఏది ఏదో బ్రహ్మ కూడా చెప్పలేడు. జడ్జి చెప్పగలడా? ఫోటోలో ఉండేది ఈ తలుపు కాదని చూపించు, నా ఆఫీసు నీకు రాసిస్తా.”

“అమీనాగారూ, విన్నారా?” అంది మహతి. అమీనా ఒక కన్ను తెరిచి మూశాడు.

మహతి ఆ ఫోన్‌ను శరత్ చేతిలోంచే కొంచెం పక్కకు తిప్పింది. “దీప్తీ, నువ్వు చూడు. నాకు ఇది ఉత్త తలుపు. నువ్వు పుట్టి పెరిగిన ఇల్లు. ఏం తేడా ఉందో చెప్పు. తొందరలేదు.”

దీప్తి చూసింది. ఇనుప బిళ్ళలు అవే. గొళ్ళెం అదే. మధ్యలో తెల్లటి కాగితం, దాని మీద అమ్మ పేరు. ఆమె చూపు మెల్లిగా కిందికి దిగింది. గడప ఈ చివర నుంచి ఆ చివరకు ఒకే పసుపు గీతలా సాగిపోయింది.

“అక్కా,” అంది. ఆ గొంతు ఆమెకే ఎవరిదో అనిపించింది. “ఇది పూర్తిగా ఉంది.”

“ఏది?”

“గడప.”

శరత్ నవ్వు సగంలో ఆగింది. “గడప పూర్తిగా లేక సగం ఉంటుందా ఏంది?”

దీప్తి తల్లి దగ్గరికి వెళ్ళింది. “అమ్మా, లెయ్యి.”

“లేస్తే తాళమేస్తారు పాపా.”

“ఒక్క నిమిషం లే మా.”

“కోర్టు లేసేదాకా వేయనని పొద్దునే చెప్పినా గదమ్మా,” అన్నాడు అమీనా, ఈసారి రెండు కళ్ళూ తెరిచి. “లే తల్లీ. నాకూ అమ్మ ఉంది.”

అలివేలమ్మ తలుపు పట్టుకుని లేచింది. ఆమె పొద్దుటి నుంచి కూర్చున్న చోట గడప లేదు. అటు జానెడు, ఇటు జానెడు వదిలి మధ్యలో నేలమట్టానికి కోసేసి ఉంది. కోసిన అంచులు కాలి రాపిడికి, చక్రాల రాపిడికి నల్లబడి నున్నగా ఉన్నాయి.

ఆదినారాయణకు పక్షవాతం వచ్చి ఒక పక్క పడిపోయాక, ఆయన చక్రాల కుర్చీ బయటికి రావాలంటే గడప అడ్డమయ్యేది. ఎత్తి దించడానికి ఇంట్లో మగదిక్కు లేదు. ఒకరోజు అలివేలమ్మ వడ్రంగిని పిలిపించింది. గడప కోస్తే లక్ష్మి వెళ్ళిపోతుందని వీధంతా మొత్తుకుంది. నరేష్ అయితే వాకిట్లో నిలబడి అరిచాడు. “గడప మీద రంపం పెట్టిన ఇల్లు బాగుపడదు వదినా! రేపు ఏమన్నా అయితే నన్ను అనొద్దు!” అలివేలమ్మ వినలేదు. ఆ సాయంత్రం ఆదినారాయణ నాలుగు నెలల తర్వాత మొదటిసారి వాకిట్లోకి వచ్చి ఆకాశం చూశాడు.

“ఇదా!” శరత్ వంగి చూసి లేచాడు. “నిన్న రంపం తెచ్చి కోసుకున్నా కోసుకుంటారు. దీనికేం సాక్ష్యం?”

దీప్తి తన ఫోన్ తీసింది. నాయన ఫోటోలున్న చోటికి ఆమె ఆ చావు తర్వాత ఒక్కసారి కూడా పోలేదు. ఇప్పుడు వేలితో జరుపుతూ పోయింది. నాయన నవ్వు. నాయన చెయ్యి. నాయన పంచె. జరుపుతూ పోతుంటే ఏమీ అనిపించలేదు, ఎవరింటివో పెళ్ళి ఫోటోలు చూస్తున్నట్టుంది. ఒకచోట ఆగి ఫోన్ మహతికి ఇచ్చింది. అందులో ఆదినారాయణ చక్రాల కుర్చీలో వాకిట్లోకి వస్తున్నాడు. ముందు చక్రాలు బయట, వెనక చక్రాలు లోపల. మధ్యలో తెల్లగా, అప్పుడే కోసిన వేపచెక్క.

మహతి శరత్ ఫోన్‌లోని ఫోటోను తన ఫోన్‌తో తీసుకుంది. ఆ రెండు ఫోటోలనూ పక్కపక్కన పెట్టుకుని నరేష్ అరుగు దగ్గరికి నడిచింది. “కొంచెం కాళ్ళు తియ్యప్పా.”

నరేష్ తీశాడు. పసుపు మందంగా పట్టిన నిండు గడప. ఎడమ చివర కంటిగుడ్డులాంటి ముడి ఒకటి చెక్కలోంచి చూస్తోంది. ఫోటోలోనూ ఉంది అది. అక్కడే, అదే చూపుతో.

“గురుదక్షిణ,” అంది మహతి.

శరత్ తనను పనికి పెట్టుకున్న నరేష్ వైపు ఒకసారి చూశాడు. తర్వాత నెత్తి మీది కళ్ళద్దాలు కళ్ళ మీదకు దించుకున్నాడు. నరేష్ మజ్జిగ గ్లాసు చేత్తో పట్టుకునే ఉన్నాడు. అతను మహతిని చూడడం లేదు, ఫోటోనూ చూడడం లేదు. పక్కింటి గడప మధ్యలో ఉన్న ఆ ఖాళీని చూస్తున్నాడు.

*

జడ్జిగారు రెండు ఫోటోలూ చాలాసేపు చూశారు. అల్లాబక్ష్‌ను పిలిపించారు. అతను వచ్చి, కోసిన గడప ఉన్న ఫోటో చూసి, “ఈ తలుపు నాకు చూపించలేదు సార్. అల్లా మీద ఆన,” అన్నాడు. వాది తరపు లాయరు ఏదో అనబోతే జడ్జిగారు చెయ్యి ఎత్తారు. డిక్రీ రద్దు పిటిషన్ తేలేదాకా అమలు ఆపాలన్నారు.

స్టే అన్న మాట వినగానే నరేష్ లేచి బయటికి వెళ్ళిపోయాడు. శరత్ వెళ్ళలేదు. మహతి పక్కకొచ్చి, “నాకు పక్కిల్లని చెప్పలేదే వాడు. నిజంగా చెప్పలేదు,” అన్నాడు గొణుగుతూ.

“నీకు ఎవురూ నిజం చెప్పరులే శరత్. అడిగితే గదా!”

లాయరమ్మ దీప్తి భుజం తట్టింది. “సంబరపడొద్దు. డిక్రీ పోలేదు, ఆగింది అంతే. పోవాలంటే ఆ ఆరు నెలలూ మీరు ఈడ లేరని చెప్పే గట్టి మనిషి కావాల. ఇల్లు పాడుపెట్టమన్న అయ్యవారు యాడున్నారు?”

“ప్రొద్దుటూరులో, కూతురింట్లో.”

“పొయ్యి ఒక మాట తీసుకోండి. వాయిదాకు రప్పించాల.”

దీప్తి సంబరపడలేదు. సంబరం కూడా ఎక్కడో తిమ్మిరి కింద ఉండిపోయింది. ఇంటికి వెళ్ళి చెబితే అలివేలమ్మ గడప మీంచి లేచింది. పొద్దుటి నుంచి మొదటిసారి నీళ్ళు తాగింది. “నువ్వూ రా మా, మాతో,” అంది దీప్తి. అలివేలమ్మ తల తిప్పింది. “ఎన్నాళ్ళయింది పాపా, ఈ ఇంట్లో మనశ్శాంతిగా దీపం పెట్టి. నేను స్నానం చేసి దీపం పెట్టుకుంటా. మీరు పొయ్యి రాండి.”

*

ప్రొద్దుటూరు దారిలో మహతి స్కూటర్ నెమ్మది చేసి అడిగింది.

“నాకు ఒకటే అర్థం కావడంలా. ఆరు నెలలు ఇల్లు ఖాళీగా ఉంది. అల్లాబక్ష్‌ను మీ తలుపు దగ్గరికే తీసకపొయ్యి అంటించి, వాడు పోయినాక చించేసుంటే సరిపోయేది. ఏ గొడవా లేదు. సొంత తలుపు ఎందుకు చూపించినాడు?”

“పాడుపెట్టిన ఇంటి గడప ఎవరు తొక్కుతారక్కా?” అంది దీప్తి. “కంప తీసినోడి ఇంట్లో ఇంకో పీనుగ లేస్తాదంటారు. చిన్నాయన ఆ ఆర్నెల్లూ మా ఇంటి ముందర నడిచేది కూడా లేదంట. వీధి అవతల నుంచి పొయ్యేవాడంట.”

“అంత నమ్మకమా ఆయనకు?”

“శానా. గోరు తీసుకోవాలన్నా నక్షత్రం అడుగుతాడు.”

మహతి బండి వేగం పెంచింది.

అయ్యవారు బాలసుబ్బయ్య ముందుగదిలో వాలుకుర్చీలో ఉన్నాడు. చూపు తగ్గినా మాట తగ్గలేదు. ఊళ్ళో ఎరిగిన మహతి గొంతు వినగానే, “ఎవురు, పంతులు కూతురా? పెండ్లి శుభలేఖ తెచ్చినావా, లేదా మళ్ళీ ఎవురి తగవన్నా మోసుకోని వచ్చినావా?” అన్నాడు.

“తగవే మామా. పెండ్లికయితే ముందు నీకే చెప్తా గదా.”

సంగతి చెప్పింది. ఆయన వింటూ తల ఊపాడు. “వస్తా, ఎందుకు రాను? పాడుపెట్టమని చెప్పింది నేనే. ధనిష్ఠలో పోయినాడు ఆదినారాయణ. పాపం, మంచోడు.”

“చనిపోయినాడని మీకు కబురు తెచ్చిందెవరు?”

“తమ్ముడే. నరేషు.”

“అప్పుడు పంచాంగం చూసి చెప్పినారా?”

“చూసే పని లేకపాయె. పొద్దునే చూసి ఉంటి గదా.”

మహతి చెనిక్కాయల కోసం సంచిలో పెట్టిన చెయ్యి అక్కడే ఆగింది. “పొద్దున ఎందుకు చూసినారు మామా?”

“నరేషే అడిగె. తెల్లారగానే వచ్చినాడు. చేనిలో బోరు వేయాల, ధనిష్ఠ మంచిదంట, ఈ పొద్దు ఎప్పుడు మొదలవుతుంది స్వామీ అనె. భోజనాల వేళ దాటినాక వస్తుంది, ఆ మీద వేసుకోమంటి. ధనిష్ఠ నీళ్ళకు మంచిదేలే.” ముసలాయన నిట్టూర్చాడు. “బోరుకు అడిగిన నక్షత్రం అన్న చావుకు అక్కరకొచ్చె. ఏం చేస్తాం!”

దీప్తి గోడ మీది గడియారాన్ని చూస్తూ ఉంది.

ఆ రోజు ఆమెకు డిగ్రీ పరీక్ష. చిన్నాయన పొద్దున ఇంటికొచ్చాడు. నాయన మందు ఒకటి జమ్మలమడుగులో దొరకడం లేదని అమ్మ అంటుంటే, ‘ప్రొద్దుటూరులో ఉంటాది వదినా, నువ్వు పొయ్యి తెచ్చుకో. అన్న దగ్గర నేనుండా కదా’ అన్నాడు. అమ్మ బస్సెక్కింది. దీప్తి పరీక్షకు పోయింది. తిరిగొచ్చేసరికి వాకిలి నిండా జనం. ‘భోజనం చేసి నిద్రపోయినాడు, నిద్రలోనే పోయినాడు’ అని చిన్నాయన అందరికీ చెప్తూ ఉన్నాడు.

“స్వామీ,” అంది దీప్తి. “చిన్నాయనకు చేను యాడుంది?”

“ఆ?”

“నేను తొమ్మిదో తరగతిలో ఉండంగానే అమ్మేసినాడు. ఒక్క సెంటు కూడా లేదు. బోరు యాడేస్తాడు?”

బాలసుబ్బయ్య కుర్చీ చేతుల మీద వేళ్ళు బిగించాడు. మహతి కదలకుండా నిలబడింది. ఇల్లు ఖాళీ కావాలంటే ఆదినారాయణ ఊరికే పోతే చాలదు. ధనిష్ఠలోనే పోవాలి. ఆ మాట ఎవరూ పైకి అనలేదు.

“అమ్మా, పాపా,” అన్నాడు ముసలాయన. “మొన్న మళ్ళీ ఫోన్ చేసినాడే.”

“ఎవరు?” అంది మహతి.

“నరేషే. పాత బోరు ఎండిపాయె, ఇంకోటి వేస్తా, ధనిష్ఠ మళ్ళా ఎప్పుడొస్తుంది స్వామీ అని.”

“ఎప్పుడని చెప్పినారు?”

ఆయన లోపలి గది వైపు తల తిప్పాడు. ఆయన కూతురు దేవుడి ముందు అగ్గిపుల్ల గీస్తోంది. రెండు వత్తులు వెలిగాయి.

“ఈ పొద్దే,” అన్నాడు. “దీపాలు పెట్టే వేళ దాటినాక.”

మహతి అప్పటికే వాకిట్లో ఉంది. స్కూటర్ మొదటిసారి అందుకోలేదు. ఇంటికి చేరాలంటే ఎంత తరిమినా దారి అంతా మిగిలే ఉంది. అమ్మ కూడా పోతే ఇంటికి మళ్ళీ కంప పడుతుంది. తను ఒక్కతే పులివెందులకు పోతుంది. వాయిదా నాడు అలివేలమ్మా అని పిలిస్తే మళ్ళీ ఎవరూ పలకరు. దీప్తికి ఇదంతా ఒక లెక్క చేసినట్టు స్పష్టంగా తెలిసింది. తెలిసిన తర్వాత అరికాళ్ళలో ఎక్కడో సూదులు గుచ్చడం మొదలైంది.

ఆమె తల్లికి ఫోన్ చేసింది. మోగింది. మోగుతూనే ఉంది. ఆగిపోతుందనుకున్నప్పుడు అవతల ఎవరో ఎత్తారు.

“అమ్మా!”

“పాపా, నేనే,” అన్నాడు నరేష్, ఎప్పటిలాగే మెత్తగా. “వదినతో రాజీ మాట్లాడదామని వచ్చినా. పొద్దుటి నుంచి ఏం తినలేదంట గదా, నాలుగు ముద్దలు తినిపించినా. ఇప్పుడే నిద్రపట్టింది. లేపొద్దులే.”

వెనకాల మహతి స్కూటర్ అందుకుంది.

“నువ్వు నిదానంగా రా. నేనుండా కదా.”